మూడో వాయి కాఫీ

ఆ ఉదయం ఇంజెరా రొట్టె మీద కళ్ళు సరిగా పడలేదు. పిండి బాగానే పులిసింది. నిప్పూ సమంగానే ఉంది. షెవాయె పిండిని పెనం అంచు నుంచి మొదలుపెట్టి లోపలికి చుట్లుగా పోసి, మూతపెట్టి, అంచుల్లోంచి ఆవిరి వచ్చేదాకా ఆగి తీసి చూసింది. రొట్టె ఒక పక్కంతా చిన్న చిన్న కళ్ళతో విచ్చుకుంది. రెండో పక్క నున్నగా, గుడ్డిగా ఉండిపోయింది. దాన్ని గడ్డితో అల్లిన పళ్ళెం మీదికి జార్చి, నూనెగింజల పొడి అంటిన గుడ్డతో పెనం తుడిచింది. గుడ్డ పోగు ఎక్కడో పట్టుకుంది. వంగి చూస్తే మట్టి పెనం నడిమి నుంచి అంచుదాకా వెంట్రుకలాంటి పగులు.

కంచె అవతల దారిలో అడుగుల చప్పుడయింది. కుమ్మరి అల్గానెష్ కుండల మోపు వీపుకి కట్టుకుని సంతకి పోతోంది. వెనకాలే చిన్నకూతురు దెబ్రె, ఒక చిన్న కూజాని చంకలో పెట్టుకుని. షెవాయె చెయ్యి దానంతటదే కదిలింది. పైబట్ట కొంగు లాగి పిండికుండ మీద కప్పింది. కుమ్మరోళ్ళ చూపు పడితే పిండి విరుగుతుంది, పసిబిడ్డ ఎండిపోతాడు. ఈ సంగతి ఆ ఊళ్ళో ఎవరూ ఎవరికీ నేర్పనక్కర్లేదు. కొడుకు బెలాయ్ చంటివాడిగా ఉన్న రోజుల్లో వాడి మొహం మీద కూడా ఇలాగే కొంగు కప్పేది. అల్గానెష్ కూడా ఆ కంచె పక్కన నడిచేటప్పుడు తల రెండో పక్కకి తిప్పుకునేది. ఆమెకూ అది అలవాటే.

"ఏమే అల్గానెష్, కాస్త ఆగు. నీ పెనం పగిలింది."

అల్గానెష్ ఆగింది. మోపు దించలేదు. "ఎప్పుడు తీసుకున్నారమ్మా?"

"వానలకి ముందు."

"అయితే అది నా చేతిది కాదు. నాది రెండేళ్ళన్నా పగలదు. సంతలో ఎవరిదో చవకది కొనుంటారు."

నిజానికి అది సంతలో కొన్నదే. షెవాయెకి నవ్వొచ్చింది. "మాటలు బాగానే నేర్చావులే. ఒకటి చేసిపెట్టు."

"మట్టి నానే ఉంది. ఎండ కాస్తే వారంలోపే ఇస్తా."

మాట్లాడుతున్నంతసేపూ షెవాయె ఆమె పాదాలకేసి చూస్తూ ఉంది. పగిలిన మడమలు, వేళ్ళ సందుల్లో ఎండిన ఎర్రమట్టి. ఇన్నేళ్ళలో ఆ పాదాలు తప్ప ఆమెలో ఇంకేదీ గుర్తుపట్టేంతగా చూడలేదు.

*

పొద్దు వాలుతుండగా భర్త దెర్సో వచ్చాడు. వాకిట్లో బల్ల మీద కూర్చుని కాళ్ళు ముందుకి చాపాడు. షెవాయె కూజాతో నీళ్ళు పోస్తూ, మడమలు తోముతూ, ఆయన మాట్లాడతాడేమోనని చూసింది. రైతుసంఘం అధ్యక్షుడయిన తర్వాత ఆయన ఇంట్లో మాట తగ్గించాడు. ఎక్కువ మాట్లాడాడంటే ఏదో మీద పడిందన్నమాట.

"జిల్లా వాళ్ళు సైన్యానికి ఇంకొకడు కావాలంటున్నారు," అన్నాడు చివరికి.

"మన వంతు ఇచ్చేశామన్నావుగా?"

"ఇచ్చినవాళ్ళలో ఒకడు దారిలో పారిపోయాడు. ఎవడి ఊరివాడు పారిపోతే ఆ ఊరే ఇంకొకడిని ఇచ్చుకోవాలట. ఇవ్వలేకపోతే అధ్యక్షుడి ఇంట్లో వయసొచ్చిన కొడుకున్నాడుగా అన్నాడు ఆఫీసరు. నవ్వుతూనే అన్నాడు."

షెవాయె చేతిలో కూజా వంగింది వంగినట్టే ఉండిపోయింది. నీళ్ళు దెర్సో మోకాలి మీదికి, అక్కణ్ణుంచి నేల మీదికి కారాయి.

"చూసి పొయ్యవే."

"పోయిన ఏడాది పోయినవాళ్ళలో ఒక్కడైనా వచ్చాడా?"

"యుద్ధం ఉత్తరాన జరుగుతోంది. అది తెగేదాకా ఎవడొస్తాడు?" దెర్సో కాళ్ళు వెనక్కి తీసుకున్నాడు. "మా తాత తన గాడిద మీద తన పిండి వేసుకుని, తన ఈటె తను పట్టుకుని రాజుగారి వెంట పోయాడు. ఎవడూ లాక్కుపోలేదు. ఎందుకు పోయాడు? నేల ఉంది కాబట్టి. నేల ఉన్నవాడు యుద్ధానికి పోవాలి, అది లెక్క. ఇప్పుడు విప్లవం వచ్చి నేల అందరికీ పంచింది. కుమ్మరోళ్ళకి కూడా పంచింది. నేనే కొలిచిచ్చాను. అందరికీ నేలుంటే అందరూ పోవాలి గదా."

"కుమ్మరోళ్ళకిచ్చింది రాళ్ళ దిబ్బ."

"రాళ్ళయినా నేలే."

ఆమెకి అప్పుడు అర్థమయింది. అల్గానెష్ కొడుకు. పేరేదో ఉంది వాడికి.

"వాడేమో దొరకడు," దెర్సో గొంతు తగ్గించాడు. "టోపీ పెట్టుకున్నవాడు కనపడితే చాలు లోయలోకి దిగిపోతాడు. ఆ లోయలో వాణ్ణి పట్టాలంటే కోతులే పట్టాలి. నువ్వు వాళ్ళని కాఫీకి పిలు."

"మనింటికా?"

"గడప దగ్గర కూర్చోబెట్టు చాలు. వాగు ఒడ్డు నేల చెక్క కావాలని ఎప్పట్నుంచో అడుగుతున్నారుగా, దాని గురించి నేను మాట్లాడతానని చెప్పు. తుపాకీవాళ్ళు ఇక్కడివాళ్ళు కారు. మొహాలు తెలీవు. వాళ్ళకి మన కప్పులివ్వం గదా, గడప దగ్గర సొరబుర్రలో తాగే కుర్రాడని చెప్తా. మూడో వాయి పోసే వేళకి వస్తారు. మూడోది తాగకుండా ఎవడూ లేవడు గదా."

"కాఫీకి పిలిచి..."

"నువ్వేమీ చెయ్యొద్దు. ఎవర్నీ చూపించొద్దు, ఒక్క మాటా అనొద్దు. కాఫీ పొయ్యి, అంతే. బెలాయ్‌ని ఆ పొద్దు పిండిమరకి పంపు. నాకు పక్క ఊళ్ళో మీటింగుంది."

షెవాయె కూజా కింద పెట్టింది. ఆయన పాదాలు తడిగుడ్డతో తుడిచింది. ఒక వేలు మర్చిపోయానేమోనని మళ్ళీ మొదట్నుంచీ తుడిచింది. ఇంట్లో బెలాయ్ ఏదో పాట తప్పుగా పాడుకుంటున్నాడు. ఆమె కాదనలేదు.

*

కుమ్మరోళ్ళ గుడిసె వాగు పైన, ఊరి చివరి నీలగిరి చెట్లు కూడా దాటాక ఉంది. షెవాయె ఎప్పుడూ అంత దూరం దిగలేదు. కుండలు కావలసినవాళ్ళు చెట్ల దగ్గర నిలబడి కేకేస్తారు. ఈసారి ఆమె చెట్లు దాటి వచ్చేసరికి కుక్క మొరిగింది, గుడిసె వెనక ఎవరో పరిగెత్తిన చప్పుడయింది.

అల్గానెష్ ఆకులు పరిచిన నేల మీద పెనం చేస్తోంది. చక్రం లేదు. మట్టిముద్దని బల్లపరుపుగా తట్టి, తను దాని చుట్టూ వంగి నడుస్తూ, తడి అరచేత్తో అంచు లేపుకుంటూ పోతోంది. ఒక చుట్టు తిరిగి, నున్నటి గులకరాయి తీసుకుని నడుమ నుంచి బయటికి రుద్దడం మొదలుపెట్టింది. దెబ్రె ఇంకో రాయిని నీళ్ళలో ముంచి అందిస్తోంది.

"మీదేనమ్మా ఇది. మీరెందుకు దిగొచ్చారు? కేకేస్తే సరిపోయేదిగా."

"పెనం కోసం కాదు. రేపు కాఫీకి రండి. నువ్వూ, నీ పెద్దోడూ."

రాయి ఆగింది. "చెట్ల దగ్గరికా?"

"ఇంటికి."

"లోపలికా అమ్మా?"

షెవాయె పెనం అంచుకేసి చూస్తూ అంది, "మా ఆయన వాగు ఒడ్డు చెక్క సంగతి మాట్లాడతాడట."

కొడుకు గుడిసె వెనక నుంచి నెమ్మదిగా వచ్చాడు. మోకాళ్ళదాకా మట్టి. "మేమొచ్చి చూస్తే మీ కప్పులు పగలవా?" అన్నాడు.

"నోర్ముయ్ చెకోల్," అంది తల్లి. తర్వాత తనే నవ్వింది. "వీడికి నోరొక్కటే పొడుగు. వస్తామమ్మా. మీరు పిలిస్తే రాకపోవడమేమిటి? మా అమ్మని పోయేదాకా ఈ ఊళ్ళో ఒక్కరూ పిలవలేదు."

షెవాయె తిరిగి పైకి ఎక్కుతుంటే వెనక నుంచి అల్గానెష్ గొంతు వినపడుతూనే ఉంది. తెల్లబట్టలు ఉతకాలి, తలకి వెన్న రాసుకోవాలి అని దెబ్రెతో చెబుతోంది.

*

పొరుగింటి ఫంతాయెని ఎప్పట్లాగే పిలిస్తే ఆమె కంచె దగ్గరే ఆగిపోయింది. "కుమ్మరోళ్ళు వస్తున్నారటగా. నేను రాను వదినా. అధ్యక్షుడి పెళ్ళానివి, నీకు తప్పదు. నాకేం ఖర్మ?" అని నవ్వి, పోతూ పోతూ అంది, "ఆ బుర్రలు తర్వాత కాల్చెయ్."

షెవాయె నేల మీద పచ్చగడ్డి పరిచింది. తెల్ల పింగాణీ కప్పులు బల్ల మీద పేర్చింది. చూరు కింద బయట మేకుకి వేలాడుతున్న సొరబుర్రలు రెండు తీసుకొచ్చి కడిగి గడప పక్కన పెట్టింది.

వాళ్ళు చెప్పిన వేళకే వచ్చారు. అల్గానెష్ ఒంటి మీద ఉతికిన బట్ట ఇంకా తడారలేదు. జుట్టులో వెన్న మెరుస్తోంది. గడప దగ్గర పరిచిన తోలు చూసి ఒక్క క్షణం నిలబడింది. లోపల, గోడ వెంట మట్టి అరుగు ఖాళీగా ఉంది. తోలు మీద ఒద్దికగా కూర్చుంది. చెకోల్ పక్కన కూర్చుని బుర్రని చేతిలో తిప్పి చూసుకున్నాడు.

షెవాయె పచ్చి గింజలు కడిగి, రేకు మీద వేయించింది. పొగ లేచాక రేకుని వాళ్ళ దాకా తీసుకెళ్ళింది. అల్గానెష్ అరచేత్తో పొగని మొహానికి తీసుకుంటూ కళ్ళు మూసుకుంది. రోట్లో దంచి, నీళ్ళు మరిగిన కూజాలో పోసి, నిప్పుల మీద సాంబ్రాణి వేసి, మొదటి వాయి పోసింది. అందులో కొంచెం ఉప్పు. వేయించిన బార్లీ గింజలు.

"ఇంటికి శుభం," అంది అల్గానెష్ మొదటి గుక్క తాగి. "పిల్లాడు బాగుండాలి. ఇంటాయన ఎక్కడమ్మా?"

"వస్తాడు."

కూజాలో నీళ్ళు పోసి మళ్ళీ నిప్పుల మీద పెట్టింది. రెండో వాయి పొంగేదాకా అల్గానెష్ మట్టి గురించి చెప్పింది. వాగు ఒడ్డున మట్టి మెత్తగా ఉంటుందనీ, అక్కడైతే దెబ్రె కూడా తవ్వగలదనీ, పై దిబ్బ మీద గునపం వేస్తే నిప్పులు రాలుతున్నాయనీ. చెకోల్ బార్లీ గింజలు నముల్తూ బయటికి చూస్తున్నాడు.

రెండో వాయి పోస్తుండగా వాకిట్లో గాడిద ఆగింది. బెలాయ్ లోపలికొచ్చాడు, కనుబొమల మీద పిండిపొడితో. "మర ఆగిపోయిందమ్మా. డీజిల్ లేదట. సగమే ఆడింది." అంటూనే గడప దగ్గర చూసి ఆగాడు. "చెకోల్. నువ్వేంట్రా ఇక్కడ?"

"మీ అమ్మ పిలిచింది."

"పిలిచి గుమ్మంలోనా?" బెలాయ్ తల్లికేసి చూశాడు. నవ్వుతూనే ఉన్నాడు గానీ చెవులు ఎర్రబడ్డాయి. "ఇదేంటమ్మా, ఇంటికొచ్చినవాణ్ణి కుక్కలా కూర్చోబెట్టావు? లే రా. అరుగు మీద కూర్చో. అల్గానెష్ అమ్మా, నువ్వు కూడా లోపలికి రా." అల్గానెష్ తల అడ్డంగా ఊపింది. చెకోల్ మటుకు రెక్క పట్టుకుని లేపితే లేచాడు. బెలాయ్ వాడి చేతిలో బుర్ర లాక్కుని, బల్ల మీది తెల్ల కప్పు ఇచ్చాడు. "నా ఒళ్ళంతా పిండి. నేనిక్కడే కూర్చుంటా." తోలు మీద కూలబడి, కాళ్ళు గడప మీద చాపి, బుర్ర ముందుకి పెట్టాడు. "పొయ్యి."

షెవాయె పోసింది.

"నువ్వెళ్ళి గాడిదకి నీళ్ళు పెట్టు బెలాయ్."

"పెట్టొచ్చా."

"అయితే మొహం కడుక్కునిరా."

"తాగి పోతాలే అమ్మా."

"ఆ బుర్ర ఇటివ్వు. నీకు కప్పులో పోస్తా."

"ఏం, దిష్టి తగులుతుందా నాకు?" అని వాడు ఎత్తి గటగటా తాగి, చెకోల్‌కేసి కన్నుగీటాడు. "మా అమ్మకి ఈ పిచ్చి పోలేదురా."

చెకోల్ అరుగు అంచున, కప్పుని రెండు చేతులతో పట్టుకుని, దాన్ని పగలగొడతానేమోనన్నట్టు కూర్చున్నాడు. షెవాయె కూజాలో మూడోసారి నీళ్ళు పోసింది. మామూలుకన్నా తక్కువ పోసింది, తొందరగా పొంగాలని. తొందరగా పొంగితే తాగేసి వెళ్ళిపోతారు. వెళ్ళిపోతే ఆఫీసరు బెలాయ్ పేరెత్తుతాడు. నిప్పుల మీద నుంచి కూజా పక్కకి తీసింది. మళ్ళీ పెట్టింది. ఏం చేస్తున్నదో తనకే తెలియలేదు. కుక్క మొరిగింది.

ఇద్దరొచ్చారు. ఒకడి భుజాన తుపాకీ. రెండోవాడు గడప దగ్గర కాళ్ళు చాపిన బెలాయ్‌నీ, వాడి చేతిలో బుర్రనీ చూశాడు. వంగి చొక్కా మెడ పట్టుకున్నాడు. "కుమ్మరోడివి నువ్వేనా? లే. దేశం పిలుస్తోంది."

బెలాయ్ ముందు నవ్వాడు. తర్వాత నవ్వు పోయింది. వాడు తల్లికేసి చూశాడు, నేను కాదని ఆమె చెబుతుందని కాదు. వీళ్ళెందుకొచ్చారో ఆమెకి తెలుసునని అప్పుడే అర్థమైనట్టు చూశాడు. నోరు విప్పలేదు. వాణ్ణి లాగితే బుర్ర జారి గడప మీద పడి రెండు చెక్కలైంది.

"వాడు నా కొడుకు," అంది షెవాయె.

"అలాగా? మరి కుమ్మరోడేడీ?"

షెవాయె ఒక్క మాటా అనలేదు. వేలెత్తలేదు. కానీ ఆమె కళ్ళు లేచి అరుగు దాకా పోయి చెకోల్ మొహం మీద ఆగాయి. ఆ మొహాన్ని ఆమె అంతవరకు చూడలేదు. ఎడమ కనుబొమలో పాత గాయం మచ్చ ఉంది. చెవి వెనక, ఎంత కడిగినా పోని మట్టి చార ఉంది. పైపెదవి మీద ఇప్పుడిప్పుడే వస్తున్న నూగు. కళ్ళు మామూలు కళ్ళే. బెలాయ్ కళ్ళలాంటివే. తుపాకీవాడు ఆమె చూపు పట్టుకుని అరుగు దాకా వచ్చాడు.

చెకోల్ పరిగెత్తలేదు. కప్పులో మిగిలింది తాగి, దాన్ని బల్ల మీద మిగతా కప్పుల పక్కన, చప్పుడు కాకుండా పెట్టి లేచాడు.

"బాబూ," అంది అల్గానెష్, ఇంకా తోలు మీదే కూర్చుని. "మూడోది ఉంది. అది తాగి వస్తాడు. నడుమలో లేవకూడదు."

"దారిలో తాగుతాడులే," అన్నాడు తుపాకీవాడు.

బెలాయ్ వాళ్ళ వెంట రోడ్డుదాకా పరిగెత్తాడు. అక్కడ తుపాకీ మడమతో ఒకటి వేస్తే కింద పడ్డాడు. అల్గానెష్ గడప మీద రెండు చెక్కలైన బుర్రని ఏరి, ఒకదాన్లో ఒకటి పెట్టి, పక్కన ఉంచి, కొడుకు పోయిన దారిన నడిచింది. నిప్పుల మీద కూజా పొంగి, చుట్టూ కారి, బూడిద కంపు కొట్టింది.

*

"నువ్వేమీ అనలేదుగా?" అన్నాడు దెర్సో వచ్చాక.

"అనలేదు."

"మరింకేం?"

ఫంతాయె చుట్టలు చుట్టిన ఉల్లికాడల కట్ట తీసుకొచ్చి, బెలాయ్ క్షేమంగా ఉన్నందుకు దేవుడికి దండం పెట్టింది. "చూశావా వదినా, వాళ్ళు అడుగు పెట్టగానే నీ బిడ్డకే ఎసరొచ్చింది. ఊరికే అంటారా వాళ్ళ కళ్ళ గురించి?" షెవాయె ఉల్లికాడలు తరుగుతూ తలెత్తలేదు.

బెలాయ్ ఇంట్లో పడుకోవడం మానేశాడు. కళ్ళం దగ్గర గడ్డివాము పక్కన పడుకుంటున్నాడు. అన్నానికి వస్తే గడప దగ్గర ఆ తోలు మీదే కూర్చుంటాడు. గడ్డి పళ్ళెం తెచ్చి పెడితే తల్లి చెయ్యి వెనక్కి పోయేదాకా ఆగి, అప్పుడు రొట్టె తుంచుతాడు. ఒక్కసారి అడిగాడు. "మూడో వాయికి వస్తారని నీకు తెలుసు కదూ?"

"మీ నాన్న నన్ను..."

"నేను నాన్ననడగలేదు."

ఆదివారం చర్చి ముందు మైదానంలో సంఘం మీటింగు పెట్టారు. దెర్సో నిలబడి, ఊరు తన బాకీ తీర్చుకుందని, విప్లవానికి ముందు చేత ఈటె కూడా పట్టనివ్వని కుమ్మరి ఇంటి నుంచి ఈ రోజు ఒక యువకుడు తనంతట తానుగా కదిలాడని, సమానత్వమంటే ఇదేనని చెప్పాడు. ఆడవాళ్ళు నాలుకలాడిస్తూ సంతోషపు కూతలు పెట్టారు. షెవాయె కూడా నోరు తెరిచింది. శబ్దం రాలేదు. పక్కన ఎవరైనా చూశారేమోనని పైబట్ట నోటికి అడ్డం పెట్టుకుంది. కొత్త కుర్రాళ్ళని ఇంకా జిల్లా గోదాములోనే ఉంచారని, పంపే ముందు ఇంటివాళ్ళు తిండి తెచ్చిస్తే తీసుకుంటున్నారని మీటింగులో ఎవరో అన్నారు.

మర్నాడు ఆమె బార్లీ వేయించి, దంచి, నెయ్యీ కారం కలిపి తోలుసంచి నింపింది. చెట్ల దగ్గర ఆగకుండా దిగింది. ఈసారి కుక్క మొరిగినా గుడిసె వెనక ఎవరూ పరిగెత్తలేదు.

అల్గానెష్ పెనం కాలుస్తోంది. పిడకల మంట తగ్గి బూడిద తెల్లబడింది. కర్రతో బూడిద తొలగించి, పెనాన్ని ఒక పక్కకి లేపి, వేలి కణుపుతో కొట్టి విన్నది. గణగణమంది. దించి, వేడి ఉండగానే నూరిన నూనెగింజల ముద్ద రాసింది. మట్టి నల్లబడి మెరిసింది.

"ఇది చెకోల్‌కి," అంది షెవాయె సంచి చాపుతూ. "ఇంకా గోదాములోనే ఉన్నాడట అక్కా."

అక్కా అని ఆమె ఎప్పుడూ అనలేదు. అల్గానెష్ అది విన్నట్టు కనిపించలేదు. సంచిని చేత్తో అందుకోలేదు. నేల మీద పెట్టమన్నట్టు గడ్డం ఊపింది. షెవాయె పెట్టింది.

"నేనేమీ అనలేదు అల్గానెష్ అక్కా. ఆ రోజు. నా నోట్లోంచి ఒక్క మాట..."

"మీ పెనం అయిపోయిందమ్మా. వేడి పోయాక తీసుకెళ్ళండి. మొదటి రొట్టె పారెయ్యాలి, రెండో దాన్నించీ బాగా వస్తాయి."

షెవాయె నిలబడింది. గుడిసె నీడలో దెబ్రె కూర్చుని, మట్టిముద్దని చిన్న కూజాగా లాగుతోంది. మూతి ఒక పక్కకి వంకరపోతోంది. నాలుక పళ్ళ మధ్య పెట్టుకుని, బొటనవేలితో దాన్ని సరిచేస్తోంది. ఆ పిల్ల ఎడమ కనుబొమ కూడా అన్న కనుబొమలాగే ఉంది. షెవాయె చూస్తూ ఉండిపోయింది.

అల్గానెష్ చేతిలో గుడ్డ కింద పెట్టింది. తొందరపడకుండా లేచి, రెండడుగులు వేసి, మసి అంటిన పైబట్ట కొంగు లాగి కూతురి మొహం మీద కప్పింది. కప్పి, షెవాయె వెళ్ళేదాకా అలాగే పట్టుకుని నిలబడింది.